పిల్లలు రైఫిల్ అడిగితే: కొనే ముందు తల్లిదండ్రులు తెలుసుకోవాల్సిన విషయాలు



పేరెంట్స్ మీటింగుల్లో మార్కులు, హోంవర్కు, బస్సు టైమింగుల మాటలయ్యాక ఈ మధ్య ఒక కొత్త ప్రశ్న వినిపిస్తోంది. “మా వాడు షూటింగ్ నేర్చుకుంటాడట. మంచి రైఫిల్ తక్కువ ధరలో ఏదొస్తుంది?” కొందరు ఇంకో అడుగు ముందుకేసి, “పాయింట్ టూటూ కొనిస్తే సరిపోతుందా? ఎన్‌సీసీలో మేం కాల్చింది అదే కదా!” అంటున్నారు.

ఈ ఆసక్తికి కారణం తెలిసిందే. 2024 పారిస్ ఒలింపిక్స్‌లో మన దేశానికి వచ్చిన ఆరు పతకాల్లో మూడు షూటింగ్‌లోనే వచ్చాయి. టీవీలో ఆ పోటీలు చూసిన పిల్లలకు ఈ ఆట మీద మనసు పడటం సహజం. ఎత్తు, బరువు, వేగంతో పెద్దగా పని లేని ఆట ఇది. గ్రౌండ్‌లో వెనకబడే పిల్లలు కూడా ఇందులో రాణించవచ్చు. చక్రాల కుర్చీలో ఉండి పోటీపడే అవని లేఖరా టోక్యో, పారిస్ పారాలింపిక్స్ రెండింటిలోనూ పది మీటర్ల ఎయిర్ రైఫిల్‌లో బంగారు పతకం గెలిచింది.

కాబట్టి పిల్లలు అడిగారని కంగారు పడక్కర్లేదు, ‘తుపాకీ’ అనే మాట వినగానే కోప్పడక్కర్లేదు. అలాగని ఆన్‌లైన్‌లో ధరలు చూసి ఆర్డర్ పెట్టేయడమూ మంచిది కాదు. ఏ రైఫిల్ ఎందుకు పనికొస్తుంది, చట్టం ఏమంటుంది, కొనేటప్పుడు ఏం చూడాలి, మన డెల్టాలో ప్రత్యేకంగా ఏ జాగ్రత్త కావాలి అన్నవి ఒక్కొక్కటిగా చూద్దాం.

రెండు రైఫిళ్లు, రెండు వేర్వేరు సంగతులు

పిల్లలు ‘రైఫిల్’ అన్నప్పుడు వాళ్ల మనసులో ఏముందో ముందు అడిగి తెలుసుకోండి. టార్గెట్ షూటింగ్‌లో ప్రధానంగా రెండు రకాల రైఫిళ్లు వాడతారు.

మొదటిది ఎయిర్ రైఫిల్. ఇందులో మందుగుండు ఉండదు. గాలి ఒత్తిడితో 4.5 మిల్లీమీటర్ల చిన్న సీసపు పెల్లెట్ బయటికి వెళ్తుంది. సంక్రాంతి తీర్థాల్లో బెలూన్లు పేల్చడానికి ఇచ్చే తుపాకీ దీనికి దూరపు చుట్టమే. పోటీల్లో దీన్ని పది మీటర్ల దూరం నుంచి కాలుస్తారు. 2008 బీజింగ్‌లో అభినవ్ బింద్రా మన దేశానికి తొలి వ్యక్తిగత ఒలింపిక్ స్వర్ణం తెచ్చింది, 2012 లండన్‌లో మన హైదరాబాద్ షూటర్ గగన్ నారంగ్ కాంస్యం గెలిచింది ఈ పోటీలోనే.

రెండోది .22 రైఫిల్. దీన్నే పాయింట్ టూటూ అంటాం. ఇందులో వాడేది నిజమైన తూటా. ఈ రకం తూటాను ‘రిమ్‌ఫైర్’ అంటారు. సైకిల్ రిమ్ అన్నట్టే రిమ్ అంటే అంచు. తూటా అడుగున చుట్టూ ఉండే అంచులోపల నిప్పు పుట్టించే రసాయనం ఉంటుంది. రైఫిల్‌లోని పిన్ను ఆ అంచు మీద కొట్టగానే రసాయనం మండుతుంది. దానివల్ల లోపలి మందు మండి, ఆ వాయువుల ఒత్తిడికి సీసపు గుండు బయటికి వెళ్తుంది. ఇప్పుడు ప్రపంచమంతా ఎక్కువగా వాడే ‘.22 లాంగ్ రైఫిల్’ తూటా 1887 నుంచి ఉంది. మిగతా తూటాలతో పోలిస్తే చవక, భుజానికి తగిలే దెబ్బ తక్కువ. అందుకే టార్గెట్ ప్రాక్టీస్‌కు దీనికి అంత పేరు. పోటీల్లో దీన్ని యాభై మీటర్ల దూరం నుంచి కాలుస్తారు. పారిస్‌లో రైల్వే ఉద్యోగి స్వప్నిల్ కుసాలే కాంస్యం గెలిచింది దీనితోనే. మోకాలిపై కూర్చుని, బోర్లా పడుకుని, నిలబడి, ఇలా మూడు భంగిమల్లో కాల్చే పోటీ అది.

ఈ రెండింటి మధ్య తేడా ఎంతో మీ తొమ్మిదో తరగతి పిల్లల చేతే లెక్క వేయించండి. గతిశక్తి సూత్రం వాళ్లకు తెలుసు: ద్రవ్యరాశిలో సగాన్ని వేగం వర్గంతో గుణించాలి. మ్యాచ్ పెల్లెట్ బరువు సుమారు 0.53 గ్రాములు, వేగం సెకనుకు సుమారు 170 మీటర్లు. శక్తి ఏడెనిమిది జౌల్స్ వస్తుంది. .22 గుండు బరువు సుమారు 2.6 గ్రాములు, వేగం సెకనుకు సుమారు 330 మీటర్లు. శక్తి 140 జౌల్స్ దాకా వస్తుంది. అంటే దాదాపు పద్దెనిమిది రెట్లు. చూడటానికి రెండూ ఒకలాగే ఉన్నా మొదటిది క్రీడా పరికరం, రెండోది చట్టం దృష్టిలో మారణాయుధం. ఈ ఒక్క లెక్క అర్థమైతే మిగతా విషయాలన్నీ సులువుగా అర్థమవుతాయి.

చట్టం ఏమంటుంది?

మన దేశంలో ఆయుధాలకు సంబంధించిన ప్రధాన చట్టం 1959 నాటి ఆయుధాల చట్టం. దాని కింద ఇప్పుడు అమల్లో ఉన్నవి 2016 నాటి నిబంధనలు.

గొట్టం వ్యాసం 4.5 మిల్లీమీటర్లు (.177) మించకుండా, శక్తి 20 జౌల్స్ దాటకుండా ఉన్న ఎయిర్ రైఫిల్‌కు లైసెన్సు అక్కర్లేదు. ఈ రెండింటిలో ఏ ఒక్కటి దాటినా లైసెన్సు కావాలి. ఆన్‌లైన్ ప్రకటనల్లో ‘హై పవర్’, ‘5.5 ఎంఎం’ అన్న మాటలు కనిపిస్తే అక్కడే ఆగిపోండి. మీ పిల్లల ప్రాక్టీస్‌కు అంత శక్తి అవసరం లేదు, మీకు చట్టపరమైన చిక్కు మాత్రం వస్తుంది. కొన్నప్పుడు బిల్లు, ఆ మోడల్ వివరాలున్న కాగితాలు తప్పకుండా తీసుకుని దాచుకోండి.

.22 రైఫిల్‌కు లైసెన్సు తప్పనిసరి. లైసెన్సు పొందాలంటే 21 ఏళ్లు నిండాలి. మరి చిన్న వయసు షూటర్లు ఎలా ఆడుతున్నారు? చట్టంలో శిక్షణకు ప్రత్యేక వెసులుబాటు ఉంది. 12 ఏళ్లు నిండిన పిల్లలు ‘జూనియర్ టార్గెట్ షూటర్’గా, పెద్దవాళ్లయిన శిక్షకుల ప్రత్యక్ష పర్యవేక్షణలో కాల్చవచ్చు. రైఫిల్ మాత్రం వాళ్ల సొంతం కాదు, వాళ్ల దగ్గర ఉండకూడదు.

లైసెన్సు దరఖాస్తు జిల్లా కలెక్టర్ కార్యాలయానికి వెళ్తుంది. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు మారాయి కాబట్టి మీ ఊరు ఇప్పుడు ఏ జిల్లాలో ఉందో చూసుకోండి. అమలాపురం వైపు వాళ్లకు ఇప్పుడు కోనసీమ జిల్లా, భీమవరం, నరసాపురం వైపు వాళ్లకు పశ్చిమ గోదావరి, రాజమండ్రి వాళ్లకు తూర్పు గోదావరి, కాకినాడ, ఏలూరు వాళ్లకు వాళ్ల సొంత జిల్లాలు. 2019 సవరణ తర్వాత ఒక వ్యక్తికి సాధారణంగా రెండు ఆయుధాలకు మించి ఉండకూడదు. తూటాలు కూడా లైసెన్సులో రాసిన సంఖ్య మేరకే కొనాలి. లైసెన్సు లేకుండా దగ్గర ఉంచుకుంటే జైలు శిక్ష పడుతుంది. “తాతగారి కాలం నుంచీ అటక మీద ఉంది”, “తెలిసినాయన తక్కువకు ఇస్తానన్నాడు” వంటి మాటలు పోలీసుల దగ్గర పనికిరావు.

ఇంకో మాట కూడా తరచూ వినిపిస్తుంది. “మా బావమరిది డల్లాస్‌లో ఉంటాడు. అక్కడ స్పోర్ట్స్ షాపులో .22 చాలా తక్కువకే వస్తుందట!” నిజమే. అమెరికాలో 1964 నుంచి తయారవుతున్న రూగర్ 10/22 లాంటి రైఫిళ్లు లక్షల ఇళ్లలో ఉన్నాయి. తక్కువ ధర .22 రైఫిళ్ల గురించి నెట్‌లో కనిపించే వీడియోల్లో ఎక్కువ భాగం అక్కడివే. అక్కడి చట్టం వేరు, అక్కడి ఖాళీ స్థలాలు వేరు. ఆ సలహాలు మన ఊళ్లో పనిచేయవు. వచ్చేటప్పుడు సూట్‌కేసులో పెట్టుకొచ్చే వస్తువు అసలే కాదు.

.22 అనుభవం కావాలంటే దారి ఉంది

ఎన్‌సీసీని మర్చిపోకండి. మీలో చాలామంది హైస్కూల్లోనో, కాలేజీలోనో ఖాకీ వేసుకుని .22 డీలక్స్ రైఫిల్ పట్టుకున్నవారే. ఆరు పౌండ్ల రెండు ఔన్సుల బరువు, అయిదు తూటాల మేగజైన్, పాతిక గజాల దూరం అని ఇన్‌స్ట్రక్టర్ బట్టీ పట్టించిన పాఠం ఇప్పటికీ కొందరికి గుర్తుండే ఉంటుంది. మన ప్రాంతంలోని ఎన్‌సీసీ యూనిట్లు కాకినాడ గ్రూప్ కిందికి వస్తాయి. పైసా ఖర్చు లేకుండా, పూర్తి పర్యవేక్షణలో, చట్టబద్ధంగా .22 కాల్చే అవకాశం పిల్లలకు ఇంతకన్నా సులువుగా దొరకదు. ఎయిర్ రైఫిల్‌లో నిలదొక్కుకుని .22కు మారాలనుకునే పిల్లలకు రైఫిల్ క్లబ్బులో సభ్యత్వం రెండో దారి. అక్కడ క్లబ్బు రైఫిల్‌తోనే మొదలుపెడతారు.

21 దాటిన పెద్ద పిల్లలకో, మీకో సొంత .22 తీసుకునే పరిస్థితి వస్తే, దేశీయంగా ఇషాపూర్ రైఫిల్ ఫ్యాక్టరీ .22 స్పోర్టింగ్ రైఫిల్ ఉంది. జర్మనీలో తయారయ్యే అన్‌షుట్జ్, వాల్తర్ లాంటి మ్యాచ్ రైఫిళ్లతో పోలిస్తే దీని ధర ఎంతో తక్కువ. ప్రాక్టీసుకు సరిపోతుంది, పెద్ద పోటీలకు సరిపోదు. ఏ .22 చూసినా ముందు గొట్టం లోపల తుప్పు, గుంటలు ఉన్నాయేమో వెలుతురుకు పెట్టి చూడాలి. బోల్టు వదులు లేకుండా మూసుకుంటుందా, సేఫ్టీ సరిగ్గా పనిచేస్తుందా, ట్రిగ్గర్ ప్రతిసారీ ఒకే బరువు దగ్గర విడుస్తుందా అన్నవి రేంజ్‌లో అనుభవజ్ఞుల సమక్షంలో పరీక్షించాలి. రెండు మూడు రకాల తూటాలతో కాల్చి చూడాలి. ఒక రైఫిల్‌కు నప్పిన తూటా పక్క రైఫిల్‌కు నప్పకపోవచ్చు.

తక్కువ ధర ఎయిర్ రైఫిల్: ఏం చూడాలి?

మన స్కూలు వయసు పిల్లలకు నిజంగా వర్తించే ప్రశ్న ఇదే.

తక్కువ ధరలో దొరికేవి స్ప్రింగ్ రైఫిళ్లు. గొట్టాన్ని వంచితే లోపల స్ప్రింగ్ బిగుసుకుంటుంది. ట్రిగ్గర్ నొక్కగానే ఆ స్ప్రింగ్ పిస్టన్‌ను తోసి గాలిని నొక్కుతుంది. ప్రీసీహోల్ వంటి మన దేశ తయారీ కంపెనీల స్ప్రింగ్ రైఫిళ్లు వేలల్లో వస్తాయి. పోటీల్లో వాడేవి ముందే సిలిండర్‌లో గాలి నింపుకున్న రైఫిళ్లు. వీటిని పీసీపీ అంటారు. ఫైన్‌వెర్క్‌బావ్, వాల్తర్, స్టైర్ లాంటి విదేశీ రైఫిళ్ల ధర లక్షల్లో ఉంటుంది.

స్ప్రింగ్ రైఫిల్‌లో ఒక ఇబ్బంది ఉంది. పెల్లెట్ ఇంకా గొట్టం దాటకముందే లోపల పిస్టన్ కదిలి రైఫిల్ అదురుతుంది. కాబట్టి పట్టు ఏమాత్రం మారినా గురి మారుతుంది. పీసీపీలో ఆ అదురు దాదాపు ఉండదు. అంటే స్ప్రింగ్ రైఫిల్‌తో తక్కువ మార్కులు వచ్చినంత మాత్రాన పిల్లలకు ఈ ఆట రాదని తేల్చేయకూడదు. కొనేముందు ఈ అయిదూ చూడండి.

ఒకటి, పొడవు. రైఫిల్ వెనుక భాగాన్ని మోచేతి మడతలో ఆనించి పెడితే, వేలు ట్రిగ్గర్‌ను హాయిగా అందుకోవాలి. అందకపోతే ఆ రైఫిల్ మీ పిల్లలకు పెద్దది. “రెండేళ్లు పోతే సరిపోతుందిలే” అని యూనిఫాం కొన్నట్టు వదులుగా కొంటే కుదరదు. తప్పు భంగిమ అలవాటైతే మాన్పించడం చాలా కష్టం.

రెండు, బరువు. పోటీ రైఫిల్ 5.5 కిలోల వరకు ఉండవచ్చు. పన్నెండు, పదమూడేళ్ల పిల్లలకు అది భారం. రైఫిల్ ఎత్తి నిమిషం పాటు నిలబడమనండి. నడుము వెనక్కి బాగా వంగిపోతుంటే తేలికైనది చూడండి.

మూడు, సైటు. పోటీల్లో టెలిస్కోపు వాడనివ్వరు. వెనుక చిన్న రంధ్రం, ముందు ఒక రింగు ఉండే పీప్ సైట్ వాడతారు. “స్కోపు ఫ్రీ” అన్న ఆఫర్ చూసి మురిసిపోకండి. పీప్ సైట్ అమర్చుకునే వీలు ఉందా అని అడగండి.

నాలుగు, ట్రిగ్గర్. మెత్తగా, ప్రతిసారీ ఒకే చోట విడవాలి. గట్టిగా లాగాల్సి వస్తే రైఫిలే కదిలిపోతుంది. ముందు సైటు అర మిల్లీమీటరు పక్కకు జరిగితే పది మీటర్ల దగ్గర గురి అయిదారు మిల్లీమీటర్లు తప్పుతుంది. అంటే రెండు రింగులు పోయినట్టే.

అయిదు, గ్రూప్. అన్నిటికన్నా ముఖ్యమైన పరీక్ష ఇది. రైఫిల్‌ను మెత్తటి దిండు మీద ఆనించి, అనుభవం ఉన్నవారి చేత పది మీటర్ల నుంచి ఒకే చోట గురిపెట్టి అయిదు పెల్లెట్లు కాల్పించండి. తలలు చదునుగా ఉండే మ్యాచ్ పెల్లెట్లు వాడితే కాగితంపై గుండ్రంగా, స్పష్టంగా చిల్లులు పడతాయి. అయిదు చిల్లులూ ఒక రూపాయి బిళ్ల కింద దాగిపోతే, నేర్చుకునే పిల్లలకు ఆ రైఫిల్ చాలు.

గ్రూప్‌ను చూసేటప్పుడు ఒక తేడా గుర్తుంచుకోండి. చిల్లులన్నీ దగ్గర దగ్గరగా ఉండి, మధ్య చుక్కకు దూరంగా పడితే రైఫిల్ మంచిదే. సైటు సరిచేస్తే చాలు. చిల్లులు చెల్లాచెదురుగా పడితేనే అనుమానించాలి. మా టీచర్లకు ఇది బాగా తెలిసిన విషయం. ప్రతిసారీ ఒకే స్పెల్లింగ్ తప్పు రాసే విద్యార్థిని ఒక్కరోజులో సరిచేయవచ్చు. రోజుకో కొత్త తప్పు రాసేవారితోనే అసలు పని.

రైఫిల్ ధర అసలు ఖర్చులో ఒక భాగమే

పెల్లెట్ల డబ్బాలు, టార్గెట్ కాగితాలు, రేంజ్ ఫీజు, కోచ్ ఫీజు, ప్రయాణం నెలనెలా ఉండే ఖర్చులు. స్థాయి పెరిగేకొద్దీ దళసరి షూటింగ్ జాకెట్, ప్యాంటు, గ్లవ్, బూట్లు కావాలి. పోటీలో 75 నిమిషాల్లో 60 షాట్లు కాలుస్తారు. ప్రాక్టీసులో ఎన్ని పోతాయో దాన్నిబట్టి ఊహించుకోవచ్చు.

వాడిన పీసీపీ రైఫిల్ తక్కువ ధరకు వస్తుందంటే ముందు సిలిండర్ మీద ముద్రించిన తేదీ చూడండి. ఆ సిలిండర్‌లో 200 బార్ ఒత్తిడితో గాలి ఉంటుంది. మన కారు టైరులో ఉండేది రెండు బార్లకు కాస్త ఎక్కువ. అంత ఒత్తిడి తట్టుకునే సిలిండర్‌కు కాలపరిమితి ఉంటుంది. పోటీ నిబంధనల ప్రకారం గరిష్ఠంగా పదేళ్లు. గడువు దాటిన సిలిండర్‌తో పోటీకి వెళ్లనివ్వరు, ఇంట్లో పెట్టుకోవడమూ ప్రమాదమే. అలాగే, గాలి ఎక్కడ నింపుతారో కూడా ముందే అడగండి. పంక్చర్ షాపులో నింపే గాలి కాదిది.

గగన్ నారంగ్‌కు రైఫిల్ కొనడానికి ఆయన తల్లిదండ్రులు స్థలం అమ్మారని పత్రికల్లో చదివి ఉంటారు. అది వింటే ఏ తండ్రికైనా గుండె ఉప్పొంగుతుంది. కానీ ఆ త్యాగం నుంచి మనం నేర్చుకోవాల్సింది ముందుగా స్థలం అమ్మేయమని కాదు. ఆటలో పట్టు, పట్టుదల కనిపించాకే అంత పెట్టుబడికి అర్థం ఉంటుంది. ఆరు నెలలు రేంజ్‌లోని రైఫిల్‌తో నేర్పించండి. ఆరు నెలల తర్వాత కూడా ఆదివారం ఉదయం మీరు లేపకుండానే లేచి బయల్దేరుతుంటే, అప్పుడు సొంత రైఫిల్ మాట ఆలోచించవచ్చు. ఉత్సాహం తగ్గిపోతే ఆ డబ్బు మీ దగ్గరే ఉంటుంది, పిల్లలకూ “అంత ఖర్చు పెట్టించాను” అన్న అపరాధభావం ఉండదు.

మన డెల్టాలో ఒక ప్రత్యేకమైన జాగ్రత్త

ఏ రైఫిల్‌కైనా గురి వెనుక ఏముందన్నది మొదటి ప్రశ్న. కొండ ప్రాంతంలో గట్టు అడ్డం ఉంటుంది. మనది బల్లపరుపు నేల. కోనసీమలో కొబ్బరితోట వెనుక ఇల్లు, ఇంటి వెనుక కాలువగట్టు, గట్టు మీద సైకిల్ మీద వెళ్లే మనిషి. .22 గుండు అడ్డం లేకపోతే కిలోమీటరున్నర దాకా పోగలదు. మన దగ్గర కిలోమీటరున్నర అంటే పక్క ఊరు. అందుకే లైసెన్సు ఉన్నా .22ను తోటలో కాల్చే ఆలోచనే వద్దు. దాని చోటు ఆమోదం ఉన్న రేంజ్ మాత్రమే.

“చెరువు వైపు కాలిస్తే ఏమవుతుంది, నీళ్లలో మునిగిపోతుంది కదా” అనుకోవద్దు. చెరువులో చదునైన పెంకు విసిరితే కప్పలా గెంతుకుంటూ పోవడం అందరం చూశాం. తక్కువ కోణంలో నీటికి తగిలిన గుండు కూడా అలాగే ఎగిరి, ఎటు పోతుందో తెలియకుండా పోతుంది.

ఎయిర్ రైఫిల్ పెల్లెట్ అంత దూరం పోదు కానీ కన్ను పోగొట్టడానికి దాని శక్తి చాలు. ఇంటి దగ్గర ప్రాక్టీస్ చేయాల్సి వస్తే, ఎవరూ అటు రాలేని చోట, పెల్లెట్లను పట్టి ఉంచే ఇనుప పెట్టె వెనుక పెట్టి, మీరు పక్కన ఉండగానే చేయించండి. సిమెంటు గోడకు, కొబ్బరి మానుకు తగిలిన పెల్లెట్ వెనక్కి రావచ్చు. కాల్చేవారికీ, చూసేవారికీ కళ్లద్దాలు ఉండాలి.

ఇంకొకటి, పక్షులు. చేపల చెరువుల దగ్గర కొంగలను తోలడానికి ఎయిర్ గన్ వాడితే తప్పేంటి అనుకునేవారు ఉన్నారు. పక్షులను కాల్చడం వన్యప్రాణి సంరక్షణ చట్టం, 1972 కింద నేరం. దానికన్నా పెద్ద నష్టం ఇంకోటుంది. కాగితం మీద గురిపెట్టడం నేర్చుకోవాల్సిన పిల్లలకు, ప్రాణం మీద గురిపెట్టవచ్చని మనమే నేర్పినట్టవుతుంది.

తుప్పు మన ప్రాంతపు మరో సమస్య. కాలువ తేమకు, సముద్రం దగ్గర ఊళ్లలో ఉప్పుగాలికి ఇనుము ఊరికే పాడవుతుంది. వాడిన ప్రతిసారీ పొడి బట్టతో తుడిచి, పైన పలుచగా నూనె రాయాలి. స్ప్రింగ్ రైఫిల్‌లో గాలి నొక్కే భాగంలో మాత్రం నూనె పోయకూడదు. అక్కడి వేడికి నూనె అంటుకుంటుంది. పెల్లెట్ లేకుండా ఊరికే పేల్చడం కూడా స్ప్రింగ్‌ను పాడుచేస్తుంది.

ఇంట్లో పాటించాల్సిన నియమాలు

రైఫిల్ ఎప్పుడూ ఖాళీగా, తాళం వేసిన చోట ఉండాలి. తాళంచెవి మీ దగ్గరే ఉండాలి. పెల్లెట్లు వేరే చోట ఉండాలి. ఖాళీ రైఫిల్ అయినా మనిషి వైపు తిప్పకూడదు. కాల్చడానికి సిద్ధమయ్యే వరకు వేలు ట్రిగ్గర్ మీదికి వెళ్లకూడదు. చుట్టాల పిల్లలు వచ్చినప్పుడు చూపించడానికి బయటికి తీయకూడదు. పండగ రోజుల్లో ఇంటినిండా పిల్లలుంటారు, ప్రమాదాలకు అవకాశం ఎక్కువ.

పెల్లెట్లు సీసంతో తయారవుతాయి. సీసం పిల్లల ఆరోగ్యానికి హానికరం. నోట్లో పెట్టుకోవడం, జేబులో పోసుకోవడం మాన్పించండి. ప్రాక్టీస్ అవగానే సబ్బుతో చేతులు కడుక్కున్నాకే ఏదైనా తినాలి. ఇంట్లో పాకే పిల్లలుంటే ఇంకా జాగ్రత్త.

ఇంకో మాట నెమ్మదిగా చెప్పాలి. పరీక్షలు, రిజల్ట్స్ రోజుల్లో పిల్లల మనసు మనకు కనిపించినంత ప్రశాంతంగా ఉండకపోవచ్చు. పెద్దవాళ్లకూ కోపతాపాలు ఉంటాయి. అలాంటి రోజుల్లో చేతికందే దూరంలో ఏ ఆయుధమూ ఉండకూడదు. రైఫిల్‌ను రేంజ్ లాకర్‌లోనే ఉంచే వీలుంటే అదే అన్నిటికన్నా మేలు.

మంచి రేంజ్‌ను ఎలా గుర్తుపట్టాలి?

చేర్పించే ముందు ఒకసారి వెళ్లి అరగంట కూర్చోండి. కొత్త పిల్లలకు మొదటి రోజే రైఫిల్ ఇస్తున్నారా, లేక ముందు భద్రతా నియమాలు చెబుతున్నారా? ‘ఆపండి’ అనగానే అందరూ ఆపి రైఫిల్ కింద పెడుతున్నారా? కాగితం మార్చడానికి వెళ్లేముందు లైన్‌లోని రైఫిళ్లన్నీ ఖాళీ అయ్యాయని ఎవరైనా చూస్తున్నారా? కోచ్ రాష్ట్ర రైఫిల్ సంఘం ద్వారా గుర్తింపు ఉన్నవారేనా? ఆడపిల్లలకు సౌకర్యంగా ఉందా? ట్రోఫీల అలమారా కన్నా ఈ జవాబులు ముఖ్యం.

దేశంలో ఈ క్రీడను నడిపే నేషనల్ రైఫిల్ అసోసియేషన్ 1951లో ఏర్పడింది. దాని గుర్తింపు ఉన్న రాష్ట్ర సంఘం పోటీల ద్వారానే పై స్థాయికి వెళ్లాలి. మీ దగ్గరలో ఏ రేంజ్ ఉందో జిల్లా క్రీడల కార్యాలయంలో అడగండి. రోజూ పోయి రాలేనంత దూరమైతే వారానికి ఒక్కరోజు చాలు. మిగతా రోజుల్లో రైఫిల్ లేకుండానే ఇంట్లో చేయగలిగేవి ఉన్నాయి. కదలకుండా నిలబడటం, శ్వాస నిదానంగా వదలడం, ఒంటికాలి మీద బ్యాలెన్స్, వీపుకు, నడుముకు బలమిచ్చే వ్యాయామాలు. పది మీటర్ల టార్గెట్‌లో పది మార్కుల చుక్క వ్యాసం అర మిల్లీమీటరు. పెన్సిల్‌తో పెట్టిన చుక్కంత. దాన్ని కొట్టేది ఖరీదైన రైఫిల్ కాదు, కదలని ఒళ్లు.

చివరిగా వరస ఇలా గుర్తుపెట్టుకోండి: ముందు రేంజ్, తర్వాత కోచ్, ఆ తర్వాత ఆరు నెలల ఓపిక, అన్నిటికన్నా ఆఖర్న రైఫిల్. ఆ రైఫిల్ కూడా ఎయిర్ రైఫిలే. .22 సంగతి ఎన్‌సీసీకి, క్లబ్బుకు, 21వ పుట్టినరోజుకు వదిలేయండి.

ప్రాక్టీస్‌కు రోజులు కుదుర్చుకునేటప్పుడు క్లాస్ టీచర్‌తో ఒక మాట మాట్లాడండి. యూనిట్ టెస్టులు, పోటీలు ఒకే వారంలో పడకుండా ముందే చూసుకోవచ్చు. రైఫిల్‌ను, ఎయిర్ పిస్టల్‌ను, ఖాళీ పెల్లెట్ డబ్బాను కూడా స్కూలు బ్యాగులో పంపకండి. పోటీలో గెలిచిన సర్టిఫికెట్‌ను మాత్రం తప్పకుండా పంపండి. అసెంబ్లీలో చదివి వినిపిస్తాం.